వాళ్ళు ఇల్లు ఖాళీ చేసి ఎందుకు పోరు?

దయ్యాల కొంప సినిమా ఎవరితో కూర్చుని చూసినా ఇరవై నిమిషాలు గడిచేలోపు ఒక ప్రశ్న పడి తీరుతుంది. "అరె, ఇన్ని జరుగుతున్నా అక్కడే ఉంటారేంట్రా? ఖాళీ చేసి పోవచ్చుగా!" మా హాస్టల్లో దీనికి ఒక ఆనవాయితీ కూడా ఉంది. ఆ మాట ముందు ఎవడి నోట వస్తే వాడే టీ పోయించాలి.

అడిగేవాళ్ళు దీన్ని లాజిక్ మిస్టేక్ అనుకుని అడుగుతారు. దర్శకుడిని పట్టేసుకున్నామన్న ఆనందం వాళ్ళ మొహంలో కనిపిస్తుంది. నాకేమో మంచి దయ్యాల కొంప సినిమా మొత్తం ఆ ప్రశ్న మీదే కట్టి ఉంటుందనిపిస్తుంది. దయ్యం ఎలా ఉంది, ఎంతమందిని చంపింది అన్నవి పదేళ్ళకి పాతబడతాయి. మేకప్ పాతబడుతుంది, గ్రాఫిక్స్ అంతకన్నా ముందే పాతబడతాయి. ఆ ఇంట్లోంచి కదలలేని మనిషి మాత్రం పాతబడటం లేదు. అరవై ఏళ్ళ నాటి నలుపు తెలుపు సినిమాలు ఇవాళ మనలాంటి వాళ్ళని కూర్చోబెడుతున్నాయంటే కారణం అదేనని నా వాదన. (ముందే చెప్తున్నా, కథలు చివరిదాకా చెప్పేస్తాను. అరవై ఏళ్ళు ఆగినవాళ్ళకి స్పాయిలర్ అని కోప్పడే హక్కు లేదు.)

నా వాదనకి మొదటి సాక్షి 'ది హాంటింగ్'. 1963లో వచ్చింది. షర్లీ జాక్సన్ 1959లో రాసిన నవల దీనికి ఆధారం. దర్శకుడు రాబర్ట్ వైజ్. దీనికి ముందు 'వెస్ట్ సైడ్ స్టోరీ', దీని తర్వాత 'సౌండ్ ఆఫ్ మ్యూజిక్' తీసినాయన. రెండు పెద్ద పాటల సినిమాల మధ్య ఒక దయ్యం సినిమా! మన దగ్గర ఇలా ఎవరైనా చేస్తే నిర్మాతలే పారిపోతారు.

కథ సులువుగానే ఉంటుంది. హిల్ హౌస్ అని ఒక పాత మేడ. హ్యూ క్రెయిన్ అనేవాడు కట్టించాడు. అతని మొదటి భార్య ఆ ఇంటి మొహం కూడా చూడకముందే, వస్తున్న గుర్రబ్బండి చెట్టుకి కొట్టుకుని చనిపోయింది. రెండో భార్య మెట్ల మీంచి పడి పోయింది. కూతురు ఎబిగేల్ అదే ఇంట్లో ముసలిదయ్యి మంచాన పడింది. చూసుకోడానికి పెట్టుకున్న అమ్మాయి వరండాలో వేరే వ్యవహారంలో ఉండగా, కర్రతో గోడ మీద కొడుతూ, పిలుస్తూ ప్రాణం విడిచింది. ఇదంతా మొదటి కొన్ని నిమిషాల్లోనే చెప్పేస్తారు. ఆ ఇంట్లో నిజంగా దయ్యాలున్నాయా అని పరిశోధించడానికి ఒక ప్రొఫెసర్ కొందరిని పిలుస్తాడు. అలా వచ్చిన వాళ్ళలో ఎలినార్ ఒకతి.

ఎలినార్‌ని జాగ్రత్తగా చూడాలి. పదకొండేళ్ళు మంచాన ఉన్న తల్లికి సేవ చేసింది. పెళ్ళి లేదు, ఉద్యోగం లేదు, స్నేహితులు లేరు. తల్లి పోయాక అక్కాబావల ఇంట్లో, హాల్లో పడుకుంటోంది. కారు కొనడానికి సగం డబ్బు తనే ఇచ్చినా, తీసుకెళ్తానంటే వాళ్ళు ఒప్పుకోరు. చివరికి చెప్పకుండా తీసుకుని బయల్దేరుతుంది. దారంతా కారులో తనలో తను మాట్లాడుకుంటూ, ఎక్కడో తనకంటూ ఒక చోటు ఉండబోతోందని ఊహించుకుంటుంది. అంటే దయ్యాల కొంపకి వెళ్తున్న ఈ మనిషి జీవితంలో మొదటిసారి సంతోషంగా ఉంది! నాకు ఆ సినిమాలో అన్నిటికన్నా భయం వేసిన సంగతి ఇదే.

మొదటి రాత్రి గోడల మీద చప్పుడు మొదలవుతుంది. దడ్, దడ్, దడ్. ఎలినార్ సగం నిద్రలో ఏమంటుందో తెలుసా? వస్తున్నానమ్మా అంటుంది. పదకొండేళ్ళు అమ్మ అలాగే గోడ మీద కొట్టి పిలిచేది. అమ్మ చనిపోయిన రాత్రి కూడా కొట్టింది. ఎలినార్ వెళ్ళలేదు. తనకి అసలు మెలకువ రాలేదో, లేక వచ్చినా విని మళ్ళీ పడుకుందో తనకే తెలియదు. ఇప్పుడు ఎబిగేల్ కథ గుర్తు తెచ్చుకోండి. కర్రతో గోడ మీద కొట్టిన ముసలామె, పిలుపుకి రాని అమ్మాయి. ఎలినార్ దాచుకున్న తప్పు ఆ ఇంటికి ముందే తెలుసన్నమాట. తర్వాత ఒకరోజు గోడ మీద సుద్దతో ఎలినార్‌ని ఇంటికి రమ్మని రాసి ఉంటుంది. మిగతా వాళ్ళు దాన్ని బెదిరింపు అనుకుంటారు. ఆమె కూడా భయపడుతుంది, కానీ ఆ రాతలో ఉన్నది తన పేరు. ఆమె పేరు పెట్టి ఇంటికి రమ్మని పిలిచిన వాళ్ళు అంతకుముందు ఎవరున్నారు?

ఇక ఖాళీ చేసి పోవచ్చుగా అని అడగండి. ఎక్కడికి పోతుంది? అక్క హాల్లోకా?

చివర్లో ఆమె మానసిక స్థితి చూసి ప్రొఫెసరే బలవంతంగా పంపించేస్తాడు. అంటే ఖాళీ చేయిస్తాడు. ఆమె వెళ్ళనని బతిమాలుతుంది. ఒంటరిగా కారెక్కుతుంది, గేటు దాటకుండానే కారు వెళ్ళి చెట్టుకి కొట్టుకుంటుంది. క్రెయిన్ మొదటి భార్య పోయిన చోటే. కారుని ఇల్లు తిప్పిందా, ఆమే తిప్పిందా అన్నది సినిమా తేల్చదు.

ఇంతకీ ఈ సినిమాలో దయ్యం ఎక్కడా కనిపించదు. ఒక్క ఫ్రేములో కూడా. వైజ్ కుర్రాడిగా ఉన్నప్పుడు వాల్ ల్యూటన్ అనే నిర్మాత దగ్గర పనిచేశాడు. ప్రేక్షకుడికి చూపించిన దానికన్నా చూపించనిదే ఎక్కువ భయపెడుతుందన్నది ల్యూటన్ బడి. డబ్బులు లేక పుట్టిన పద్ధతి అనుకోండి, కానీ దాంట్లో ఇంజినీరింగ్ ఉంది. వైజ్‌కి గదులు కొంచెం వంకరగా కనబడాలి. పానావిజన్ వాళ్ళ దగ్గర ఒక 30 ఎంఎం వైడ్ యాంగిల్ లెన్స్ ఉంది, కానీ ఇంకా సిద్ధం కాలేదు, బొమ్మని అంచుల్లో సాగదీస్తోంది. ఆ లోపమే నాకు కావాలి, ఇవ్వండన్నాడు ఈయన. లెన్స్ సరిగ్గా లేదని తెలిసే తీసుకుంటున్నానని కాగితం మీద సంతకం పెట్టించుకుని మరీ ఇచ్చారట. టెస్టింగ్‌లో ఫెయిలైన పరికరానికి సరైన ప్రాజెక్టు దొరకడమంటే ఇదే.

అలాగే తలుపు. బయట ఏదో ఉంది, తలుపు మెల్లగా లోపలికి ఉబ్బుతుంది, ఊపిరి పీల్చుకున్నట్టు. సినిమా చూసినవాళ్ళెవరూ మర్చిపోలేని షాట్ అది. అది చేసిన విధానం వింటే నవ్వొస్తుంది. పలచటి చెక్క పొరలతో తలుపు చేయించి, వెనకనుంచి ఒక మనిషి చేత నెట్టించారు. అంతే. ఇంకొకటి, ఆ కథ ప్రకారం హ్యూ క్రెయిన్ కట్టిన ఇంట్లో ఏ మూలా తొంభై డిగ్రీలు ఉండదు, తలుపులు కొంచెం పక్కకి బిగించి ఉంటాయి, అందుకే వాటంతటవే మూసుకుంటాయి. సివిల్ బ్రాంచ్ వాళ్ళు ఈ సినిమాని దయ్యం సినిమాగా కాక నాణ్యతా లోపం కేసుగా చూసినా తప్పులేదు.

1999లో దీన్ని మళ్ళీ తీశారు. మొదటిదానికి అయిన ఖర్చు సుమారు 10 లక్షల డాలర్లు, రెండోదానికి దాదాపు 8 కోట్లు. రెండోదాంట్లో విగ్రహాలు కదులుతాయి, పరదాల్లో పిల్లల మొహాలు తేలతాయి, పైకప్పు నోరు తెరుస్తుంది. అన్నీ కనిపిస్తాయి. అన్నీ కనిపించాక మనం చేసే పని గ్రాఫిక్స్ బాగున్నాయా లేదా అని మార్కులు వేయడమే. పైగా కొత్త ఎలినార్‌కి దయ్యంతో పోరాడి పిల్లల ఆత్మల్ని విడిపించే పని అప్పజెప్పారు. పోవడానికి చోటులేని మనిషిని తీసేసి, ఆ స్థానంలో హీరోయిన్ని పెట్టారు. సినిమా అక్కడే చచ్చింది.

'ది ఛేంజ్‌లింగ్' (1980) గురించి కొంచెమే చెప్తాను, ఎందుకంటే దాన్ని చూడటమే మేలు. కారు ప్రమాదంలో భార్యనీ కూతురినీ పోగొట్టుకున్న ఒక సంగీతకారుడు సియాటిల్ వచ్చి పెద్ద పాత మేడ అద్దెకి తీసుకుంటాడు. ఒకరోజు మెట్ల మీంచి కూతురి బంతి దొర్లుకుంటూ వస్తుంది. అతను దాన్ని తీసుకెళ్ళి వంతెన మీంచి నీళ్ళలోకి విసిరేసి వస్తాడు. ఇంటి తలుపు తీసేసరికి మెట్ల మీంచి టక్, టక్, టక్ అని అదే బంతి. రక్తం లేదు, మొహం లేదు, అరుపు లేదు. ఒక రబ్బరు బంతి, కొన్ని మెట్లు. అతనెందుకు ఖాళీ చేయడు? బతికున్న మనుషుల ఇళ్ళలో అతనికి పలకరించడానికి ఎవరూ మిగల్లేదు కనుక. ఈ ఇంట్లో ఎవరో ఒకరు తనతో మాట్లాడాలనుకుంటున్నారు.

ఖాళీ చేయలేకపోవడానికి దుఃఖమే కారణం కానక్కర్లేదు, డబ్బు కూడా కావచ్చు. 'పోల్టర్‌గైస్ట్' (1982) చూడండి. ఇందులో పాత మేడ లేదు, సరికొత్త కాలనీ. శ్మశానం మీద వెంచర్ వేశారు. సమాధి రాళ్ళు తీశారు గానీ కింద శవాల్ని తీయలేదు. ఆ ఇళ్ళు జనానికి అమ్మిపెట్టే ఉద్యోగం చేసేది కూడా ఆ ఇంటాయనే! రామ్‌గోపాల్ వర్మ 'భూత్' (2003)లో ముంబై అపార్ట్‌మెంట్ ఫ్లాట్. అంతకుముందు అక్కడున్నామె బాల్కనీ మీంచి పడి చనిపోయింది. ఆ సంగతి మొగుడికి తెలుసు, పెళ్ళానికి చెప్పడు. మంచి ఫ్లాట్ ఎలా వదులుకుంటాం? ముంబైలో ఇల్లు వెతికినవాళ్ళకి ఆ మొగుడు విలన్‌లా కనిపించడు. దయ్యం ఉందని తెలిసినా ఈఎమ్ఐ ఆగదు కదా.

ఇక్కడ మన సంగతి ఒకటి చెప్పాలి. మనకి ఇల్లంటే గోడలూ స్లాబూ మాత్రమే కాదని ఎవరూ కొత్తగా చెప్పక్కర్లేదు. కడుతున్నప్పుడే దిష్టిబొమ్మ, గుమ్మానికి గుమ్మడికాయ, లోపలికి అడుగుపెట్టగానే పాలు పొంగించడం. ఇంట్లో ఎవరైనా ధనిష్ఠా పంచకం నక్షత్రాల్లో పోతే నిజంగానే ఇల్లు ఖాళీ చేసే ఆచారం ఉంది. నక్షత్రాన్ని బట్టి కొన్ని నెలలు, ఆరు నెలల దాకా కూడా తాళం వేసి పెడతారు. మా అమ్మమ్మ వాళ్ళ వీధిలో ఒకే ఏడాది రెండిళ్ళలో అలా జరిగింది. ఒకళ్ళు తాళం వేసి టౌన్‌లో కొడుకు ఇంటికి వెళ్ళిపోయారు. రెండో వాళ్ళకి వెళ్ళడానికి ఇంకో ఇల్లు లేదు. శాంతి చేయించుకుని అక్కడే ఉండిపోయారు, సాయంత్రం ఆరు దాటితే పిల్లల్ని వెనక గదిలోకి పోనివ్వకుండా. ఆ ఆరు నెలలూ వాళ్ళు గడిపినదే అసలైన దయ్యాల కొంప సినిమా అని నాకనిపిస్తుంది. దయ్యాన్ని నమ్మడం అందరూ నమ్ముతారు. పోగలగడం మాత్రం రెండో ఇల్లు ఉన్నవాడికే.

ఈ లెక్కన మన తెలుగు దయ్యాలు కామెడీలోకి ఎందుకు దిగాయో కూడా కొంత అర్థమవుతుంది. అమెరికాలో విలియమ్ క్యాసిల్ 1959లోనే 'హౌస్ ఆన్ హాంటెడ్ హిల్' తీశాడు. రాత్రంతా ఆ ఇంట్లో ఉంటే తలా 10,000 డాలర్లు. సినిమా నడుస్తుండగా థియేటర్లో జనం నెత్తిమీదుగా తీగ మీద ప్లాస్టిక్ అస్థిపంజరాన్ని కూడా ఎగరేసేవాడు. పిల్లలు దాని మీదకి చేతికి దొరికింది విసిరేవారట. మన 'రాజు గారి గది' (2015)లో కూడా దయ్యాల బంగళాలో ఉంటే ప్రైజ్ ఇచ్చే రియాలిటీ షో. పందెం కోసం వచ్చినవాడికి తెల్లారితే పోవడానికి సొంత ఇల్లుంటుంది. అందుకే వాడు భయపడితే మనకి నవ్వొస్తుంది. నేనూ నవ్వాను, అబద్ధమెందుకు. కానీ 'ప్రేమకథా చిత్రమ్' (2013) హిట్టయ్యాక ఆ దారే హైవే అయిపోయి, దయ్యం అంటే కమెడియన్ చెంప పగలగొట్టే చెయ్యిగా మిగిలింది.

అంతకుముందు మనకి 'రాత్రి' (1992) ఉంది. వర్మ తెలుగులోనూ హిందీలోనూ తీసింది. మామూలు మధ్యతరగతి కుటుంబం, కొత్తగా చేరిన ఇల్లు, రేవతి మొహం, మణిశర్మ నేపథ్య సంగీతం. రవిబాబు 'అవును' (2012)లో కొత్తగా పెళ్ళైన జంట, కొత్త ఇల్లు. ఈ రెండిట్లోనూ ఇల్లు ఇల్లులాగే ఉంటుంది, వంటగది, సామాన్ల గది, మనం రోజూ తిరిగే చోట్లు. 'చంద్రముఖి' (2005) గొప్పగా ఆడింది, కానీ దానికి మూలమైన మలయాళం 'మణిచిత్రత్తాళ్' (1993)లో శోభన నెమ్మదిగా ఆ గదికి దగ్గరవుతున్న తీరు ఇందులో రజనీకాంత్ ఎంట్రీల మధ్య నలిగిపోయింది. ఫ్యాన్స్ కొట్టకండి. ఒక సరదా సంగతి. మలయాళం కథలో ఆ నర్తకి తమిళామె, తమిళంలోనూ కన్నడంలోనూ తెలుగామె, హిందీలో బెంగాలీ. ఏ రాష్ట్రానికైనా దయ్యం మనదై ఉండకూడదు, పరాయి భాష మాట్లాడాలి! దీని మీద ఎవరైనా విడిగా ఒక వ్యాసం రాయండి.

సైన్సు అడిగేవాళ్ళు ఉంటారు కాబట్టి విక్ టాండీ కథ. ఈయన ఇంగ్లండ్‌లోని కోవెంట్రీలో ఇంజినీరు. పనిచేసే ల్యాబ్‌లో రాత్రిళ్ళు ఒళ్ళు జలదరించేది, కంటి చివర బూడిదరంగు ఆకారం కనిపించేది. మర్నాడు కత్తిసాము పోటీ కోసం ఒక కత్తిని వైస్‌లో బిగిస్తే, ఎవరూ ముట్టుకోకుండానే అది ఊగడం మొదలెట్టింది. లెక్క కట్టి చూస్తే కొత్తగా పెట్టిన ఎగ్జాస్ట్ ఫ్యాన్ నుంచి గదిలో సుమారు 19 హెర్ట్జ్ స్టాండింగ్ వేవ్ ఏర్పడుతోంది. మన చెవికి వినిపించే హద్దు 20కి కాస్త కింద. ఫ్యాన్ సంగతి చూశాక దయ్యం పోయింది. 1998లో పేపర్ కూడా వేశాడు. ఇది ఒక గదికి దొరికిన వివరణ, అన్ని కొంపలకీ సూత్రం కాదు. ఫిజిక్స్ ల్యాబ్‌లో చెప్పుకోడానికి మాత్రం బ్రహ్మాండమైన కథ. ఇది విన్నాక కూడా నాకు 'ది హాంటింగ్' చప్పుడు అంతే భయమేసింది. ఎలినార్‌ని పట్టుకున్నది హెర్ట్జ్‌లలో కొలిచేది కాదు మరి.

నాకున్న అసలు గొడవ మన చూసే పద్ధతితో. మా రూమ్మేట్ 'ది హాంటింగ్'ని 1.5 స్పీడులో, ఇంకో చేత్తో ఫోన్ పట్టుకుని చూసి "స్లో ఉంది మామా, ఏం లేదు అందులో" అన్నాడు. నిజమే, వాడు చూసినదాంట్లో ఏమీ ఉండదు. ఆ సినిమాలో దయ్యం ఉండేది రెండు చప్పుళ్ళ మధ్య ఖాళీలో. ఆ ఖాళీని మూడో వంతు కోసేస్తే మిగిలేది తలుపు కొట్టిన శబ్దమే, అది కొరియర్ వాడు కూడా చేస్తాడు. చీకట్లో ఎలినార్ తన చెయ్యి ఎవరో గట్టిగా పట్టుకున్నారని, అది థియో చెయ్యేనని అనుకుని ధైర్యం తెచ్చుకునే సన్నివేశం ఒకటుంది. లైటు వెలిగేసరికి థియో గదిలో అటు చివర ఉంటుంది. మరి ఇంతసేపూ పట్టుకున్న చెయ్యి ఎవరిది? ఆ చీకటిని ఆమెతోపాటు పూర్తిగా భరిస్తేనే ఆ లైటుకి విలువ.

కాబట్టి ఈ సెమిస్టర్ బ్రేక్‌లో ఒక పని చేయండి. సరదాగా మొదలుపెట్టాలంటే 'హౌస్ ఆన్ హాంటెడ్ హిల్' ఉంది, అమెరికాలో కాపీరైట్ లేదు, ఆన్‌లైన్‌లో ఉచితంగా దొరుకుతుంది. తర్వాత 'రాత్రి', ఆ పైన 'ది హాంటింగ్'. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, లైట్లు ఆపి, మామూలు స్పీడులో చూడండి. 'ది హాంటింగ్' నచ్చితే రెండోసారి దయ్యం సంగతి వదిలేసి ఎలినార్ మాటలు మాత్రమే వినండి. ఇల్లు, ఇంటికి, నా ఇల్లు అన్న మాటలు ఆమె నోట ఎన్నిసార్లు వస్తాయో ఒక కాగితం మీద గీతలు పెట్టుకుంటూ లెక్కపెట్టి చూడండి.